తీగ లాగిన మాట
(మాటల వెనక చరిత్ర: 17)

ఆదివారం పొద్దున ఏ.ఎస్. రావు నగర్ మెయిన్ రోడ్డు మీద ఏటీఎం ముందు నిలబడ్డాను. లోపల ఒకాయన మిషన్‌తో కుస్తీ పడుతున్నాడు. నా వెనక వచ్చి నిలబడ్డ కుర్రాడు మెడ సాచి అడిగాడు: "అంకుల్, పైసలు డ్రా అయితున్నయా?"

"ఏమో బాబూ, ఆయన బయటికొస్తే గాని తెలీదు" అన్నాను.

ఊరికే నిలబడ్డవాడికి బోర్డులు చదవడమే కాలక్షేపం. ఎదురుగా మొదటి అంతస్తులో పిల్లలకి డ్రాయింగ్ క్లాసులు. దాని కింద బట్టల కొట్టు. పండగ ఆఫరట, బిల్లుకో కూపనట, ఆఖర్న లక్కీ డ్రా అట. ఆ కొట్టు గుమ్మంలోనే తాడుకి వేలాడుతున్న బనియన్లు, డ్రాయర్లు. ఇరవై అడుగుల జాగాలో ఒకే మాట నాలుగు చోట్ల పని చేస్తోంది. డబ్బు తీయడానికీ, బొమ్మ గీయడానికీ, చీటీ ఎత్తడానికీ, లోపల తొడుక్కునే గుడ్డకీ ఏమిటి చుట్టరికం? తీగ లాగితే డొంకంతా కదులుతుందంటారు. ఈ వారం డొంకలో ఉన్న మాట 'డ్రా'. విచిత్రమేమిటంటే, ఆ మాటకి అసలర్థం కూడా లాగడమే.

పాత ఇంగ్లీషులో దీని రూపం 'డ్రాగన్'. నిప్పులు కక్కే డ్రాగన్‌కీ దీనికీ సంబంధం లేదు, అది గ్రీకు నుంచి వచ్చిన పాము. ఈ డ్రాగన్ అంటే ఈడ్చడం, లాగడం. ఇప్పుడు మనం ఫోన్ తెర మీద వేలితో చేసే 'డ్రాగ్' దీనికి తోబుట్టువే. బండి లాగినా, వల లాగినా, బావిలోంచి బొక్కెన లాగినా ఈ క్రియ పనికొచ్చేది. బొమ్మ సంగతి తర్వాత వచ్చింది. 1200 ప్రాంతంలో, కలాన్నో పుల్లనో ఒక తలం మీద ఈడ్చుకుంటూ పోతే వెనక గీత మిగులుతుంది గనక, ఆ ఈడ్చడాన్నే బొమ్మ గీయడానికి కూడా వాడసాగారు. అంటే ఇంగ్లీషువాడు బొమ్మకి పేరు పెట్టేటప్పుడు కాగితం మీద మిగిలినదాన్ని చూడలేదు, కదులుతున్న చేతిని చూశాడు.

ఇది తెలిస్తే మిగతా ముళ్ళు వాటంతటవే విడిపోతాయి. కాళ్ళలోంచి పైకి లాక్కుని తొడుక్కునేవి గనక డ్రాయర్లు. బల్లలోంచి బయటికి లాగేది గనక సొరుగు కూడా డ్రాయరే. ఈ రెండూ 16వ శతాబ్దంలో పుట్టిన మాటలు. డ్రాయింగ్ రూములో డ్రాయింగేమీ లేదు. భోజనమయ్యాక పెద్దమనుషులు నలుగురిలోంచి తప్పుకుని కూర్చునే 'విత్‌డ్రాయింగ్ రూము' అది. వాడగా వాడగా ముందున్న 'విత్' రాలిపోయింది. మన అపార్టుమెంట్లలో ఆ గది గుమ్మంలోనే ఎదురవుతుంది. తప్పుకునే గది తగులుకునే గదైంది.

బ్యాంకు సంగతి ఇంకా తమాషా. 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం ప్రకారం చెక్కు మీద సంతకం పెట్టినవాడు 'డ్రాయర్', డబ్బివ్వమని ఎవరికి రాశామో వాళ్ళు 'డ్రాయీ'. చెక్కు బౌన్సు కేసుల్లో వకీళ్ళు గంభీరంగా "డ్రాయర్ ఖాతాలో డబ్బు లేదు" అంటుంటే మా కాలనీ వాళ్ళు నవ్వాపుకోలేరు. డిమాండ్ డ్రాఫ్టులోని డ్రాఫ్టు కూడా ఈ కుదురులోని పిలకే. ఇక సర్కారు ఆఫీసుల్లో డీడీవో గారుంటారు, డ్రాయింగ్ అండ్ డిస్బర్సింగ్ ఆఫీసరు. ఆయన జన్మలో పెన్సిలు పట్టి బొమ్మ గీసి ఉండకపోవచ్చు. ట్రెజరీలోంచి జీతాలు 'లాగి' పంచడమే ఆయన పని. ఒకటో తారీకున ఆయన సెలవు పెడితే ఆ లాగుడు విలువ అందరికీ తెలిసొస్తుంది.

ఇప్పుడు మన వైపుకి వద్దాం. ఇంగ్లీషువాడు ఒక్క లాగుడుతో సరిపెట్టుకున్న చోట తెలుగువాడు ఎన్ని క్రియలు వాడతాడో చూడండి. నీళ్ళు తోడతాం, పాలు పితుకుతాం, ఊపిరి పీలుస్తాం, కత్తి దూస్తాం, చీటీ తీస్తాం, రాగం తీస్తాం, తెర లాగుతాం. వీటిలో ఒకదాని బదులు ఇంకోటి వేస్తే వినేవాడు మన మొహంకేసి చూస్తాడు. పాలు తోడినవాడూ, కత్తి పితికినవాడూ తెలుగునాట లేడు. మన భాష ప్రతి పనికీ ఆ పని చేసే చేతిని విడిగా గుర్తుపెట్టుకుంది.

బొమ్మ విషయంలో అయితే మూడు చేతులున్నాయి. గీయడం, రాయడం, వేయడం.

'గీ' అనే చిన్న ముక్క పెద్ద కుటుంబానికి పెద్ద. గీరు, గీకు, గీత, గీటు, గోడకి గీసిన అగ్గిపుల్ల, పొద్దున్నే గీసుకున్న గడ్డం, బంగారాన్ని రాసి చూసే గీటురాయి. అన్నిట్లోనూ ఒక గరుకు వస్తువు ఇంకోదాన్ని తాకి మచ్చ చేయడమే ఉంది. కన్నడంలో గీరు, గీచు, తమిళంలో కీఱు ఈ ఇంటివాళ్ళే. తెలుగువాడు లాగుడు చూడలేదు, గాయం చూశాడు. రాయడం కథా ఇంచుమించు అంతే. మన 'వ్రాయు'కి కన్నడంలో జోడీ 'బరె', తమిళంలో 'వరై'. కన్నడంలో బరె అంటే ముఖ్యంగా అక్షరాలు రాయడం, తమిళంలో వరై అంటే ముఖ్యంగా బొమ్మ గీయడం. ఒకే తల్లి పిల్లలు, ఒకరు గుమాస్తా, ఒకరు చిత్రకారుడు. మలయాళీలు రంగుపొడులతో నేల మీద దేవతల్ని తీర్చడాన్ని 'కళమెళుత్తు' అంటారు, ఎళుత్తు అంటే రాత. పాత తెలుగులోనూ బొమ్మని వ్రాసేవాళ్ళు. తర్వాత రాయడమంటే అక్షరాల కొలువు మాత్రమే మిగిలింది.

దేశాలు తిరిగినా ఇదే తీరు కనిపిస్తుంది. సంస్కృతంలో 'లిఖ్' అంటే ముందు గీకడం, గ్రీకు 'గ్రాఫైన్' అంటే గీకడం, ఇంగ్లీషులో 'రైట్' కూడా తొలుత గీకడమే. రాయి మీదా, కర్ర మీదా, ఆకు మీదా గీరిన కాలపు జ్ఞాపకం అది. తాటాకు మీద గంటంతో రాసిన మన పూర్వీకులకి ఈ మాటలో అలంకారమేమీ లేదు, ఉన్న సంగతే చెప్పారు. గంటం ఆకుని చీల్చుకుంటూ పోతుంది. ఆ తర్వాత మసి పూసి తుడిస్తే గాయంలో నలుపు నిలిచి అక్షరం కనిపిస్తుంది. లాగుడు వైపు చూసినవాళ్ళూ లేకపోలేదు. లాటిన్‌లో 'లాగు' అనే అర్థమున్న ధాతువు నుంచే ట్రాక్టరూ, ట్రేసింగ్ పేపరూ, పోర్ట్రెయిటూ వచ్చాయి. సంస్కృతంలో 'కృష్' అంటే ఈడ్చు. ఈడ్చి తన వైపు తిప్పుకునేది ఆకర్షణ, నాగలి ఈడ్చి చాలు తీసేవాడు కర్షకుడు. నేల మీద పొడుగాటి గీత గీసిన మొదటి చిత్రకారుడు రైతేనని నేనంటే అతిశయోక్తి అంటారు గాని, ధాతువు నా పక్షానే ఉంది.

బొమ్మ వ్రాయడం పోయిందన్నాను గదా, పూర్తిగా పోలేదు. శ్రీకాళహస్తిలో ఇంకా ఉంది. ప్రపంచం కలంకారీ అని పిలిచే ఆ పనికి అక్కడివాళ్ళ పేరు 'వ్రాతపని'. కలం, కారీ రెండూ పారశీకం నుంచి వచ్చిన మాటలు. వ్రాతపని మన మాట. 1957లో అక్కడ శిక్షణ కేంద్రం పెట్టాక ఆరిపోతున్న దీపం నిలబడింది. ఆ కేంద్రం నీడలో ఎదిగిన జొన్నలగడ్డ గుర్రప్ప చెట్టి గారికి 2008లో పద్మశ్రీ వచ్చింది.

ఆ పని దగ్గర కూర్చుని చూస్తే 'గీయడం' అనే మాట ఎందుకు చాలదో తెలుస్తుంది. ముతక నూలుగుడ్డని కరక్కాయ నీళ్ళలో, గేదెపాలలో నానబెట్టి ఆరేస్తారు. పాలు లేకపోతే సిరా గుడ్డ మీద పాకిపోతుంది. చింతపుల్లల్ని కాల్చిన బొగ్గుతో ముందు రూపం గుర్తుపెట్టుకుంటారు. తర్వాత కలం. వెదురుపుల్ల మొన చెక్కి, దానికి కాస్త పైన ఉన్నిపీచు చుట్టి దారంతో కడతారు. ఆ ఉన్ని ఉండని సిరాలో ముంచి, వేళ్ళతో మెల్లగా నొక్కుతూ పోతే మొన దాకా చుక్క చుక్కగా దిగుతుంది. ఎక్కువ నొక్కితే మరక, తక్కువైతే గీత మధ్యలో తెగుతుంది. సిరా పేరు కసిమి. తుప్పు పట్టిన ఇనప ముక్కలూ బెల్లమూ నీళ్ళలో వేసి రోజుల తరబడి పులియబెట్టిన నీళ్ళు అది. గుడ్డ మీద పడ్డప్పుడు వెలవెలబోతూ ఉంటుంది. కరక్కాయలోని వగరు, ఇనుము కలిసిన కొద్దీ చూస్తుండగానే నల్లబడుతుంది. అక్కడ చేయి గీకడం లేదు, లాగడమూ లేదు, గుడ్డకి సిరా తాపుతోంది. మచిలీపట్నంలో అచ్చుదిమ్మెతో చేసే కలంకారీని ఎవరూ వ్రాతపని అనరు. అది అద్దకం. చేయి మారింది, మాట మారింది.

మా చేర్యాల పటాల వాళ్ళ పేరూ ఇలాంటిదే. నకాషీ అంటారు. అరబ్బీ 'నక్ష్' అంటే చెక్కడం, రూపం దిద్దడం. ప్లాటు కొనేటప్పుడు "నక్షా చూపించన్నా" అని అడుగుతామే, ఆ నక్షా కూడా అదే. దేవుడి కథ పటం మీద దిద్దినవాడూ, రెండొందల గజాల ప్లాటుకి హద్దులు దిద్దినవాడూ మాటప్రకారం అన్నదమ్ములు. రెండోవాడు గీసిన గీతలకే గిరాకీ ఎక్కువ.

ఇంతవరకూ చెప్పినదంతా ఒక ఎత్తు, ఇప్పుడు చెప్పబోయేది ఒక ఎత్తు. ఈ వ్యాసం మొదలుపెట్టించింది నిజానికి ఏటీఎం కాదు, తాటిచెట్టు.

తెలుగులో చెట్టుని కూడా గీస్తారు. కల్లు గీత, గీత కార్మికులు, గీత పారిశ్రామిక సహకార సంఘాలు. కొత్తగా తెలుగు నేర్చుకునే వాడికి 'గీత కార్మికుడు' అంటే చిత్రకారుడేమో అనిపిస్తుంది. ఇదే వృత్తికి బ్రిటిష్ వాళ్ళు రాసిన పేరు 'టాడీ డ్రాయర్'. 1909లో అచ్చయిన థర్‌స్టన్ కులాల సంపుటాల్లో ఈడిగల గురించీ గమళ్ళ గురించీ చదివితే ఈ మాట కంటబడుతుంది. ఎంత చిత్రమో చూడండి. బొమ్మకి వాడే క్రియనే తెలుగువాడూ కల్లుకి వాడాడు, ఇంగ్లీషువాడూ వాడాడు. కానీ ఒకరిని చూసి ఒకరు వాడలేదు. తెలుగువాడిది గీకే క్రియ, ఇంగ్లీషువాడిది లాగే క్రియ. చెట్టు మీద ఒకే మనిషి చేసే ఒకే పనిలో తెలుగు కత్తిని చూసింది, ఇంగ్లీషు కుండని చూసింది.

ఘట్‌కేసర్ దాటి వెళ్తే తాటివనాల్లో ఆ కత్తి ఇప్పటికీ కనిపిస్తుంది. గౌడన్న నడుముకి ముస్తాదు బిగించి, మోకు చెట్టు చుట్టూ వేసి, ఒక్కో అడుగూ మోకుని పైకి విసురుతూ ఎక్కుతాడు. పైన పూగెల మొన దగ్గర కత్తితో చేసే పని చూస్తే నరకడం అనబుద్ధి కాదు. కాగితం మందాన ఒక పొర, అంతే. లోతు ఎక్కువైతే గెల పాడవుతుంది, తక్కువైతే నిన్నటి గాయం మూసుకుపోయి ఊట ఆగుతుంది. రోజూ గీయాలి, ఒక్కరోజు మానినా చెట్టు అలుగుతుందంటారు. గీసిన చోట నుంచి చుక్క చుక్కగా లొట్టిలోకి దిగుతుంది. శ్రీకాళహస్తి కలం మొనా, ఈ కత్తి మొనా నా కంటికి ఒక్కలాగే కనిపించాయి. రెండు చోట్లా నేర్పంతా ఎంత నొక్కాలి అన్నదాంట్లోనే ఉంది. తేడా ఏమిటంటే వ్రాతపని వాడు కింద కూర్చుంటాడు, గౌడన్న ముప్పై నలభై అడుగుల ఎత్తున మోకుని నమ్ముకుని నిలబడతాడు. జారినవాళ్ళ నడుములు విరిగిన కథలు ప్రతి ఊళ్ళోనూ ఉన్నాయి. 2024లో తెలంగాణ ప్రభుత్వం ఇవ్వడం మొదలుపెట్టిన తాళ్ళ కిట్లకి గౌడుల దేవుడి పేరే పెట్టారు, కాటమయ్య రక్షణ కవచం అని.

మళ్ళీ మా కాలనీకి వద్దాం. ఈ కాలనీ పేరులో ఉన్న అయ్యగారి సాంబశివరావు గారు 1914లో పశ్చిమ గోదావరి జిల్లా మోగల్లులో పుట్టారు. కాశీలో చదివి, స్టాన్‌ఫర్డ్ వెళ్ళి వచ్చి, హోమీ భాభా దగ్గర ట్రాంబేలో ఎలక్ట్రానిక్స్ విభాగాన్ని పెంచారు. 1967 ఏప్రిల్ 11న అణుశక్తి శాఖ కింద ఈసీఐఎల్ అనే ఎలక్ట్రానిక్స్ సంస్థని పెట్టి నడిపించారు. 1971లో దగ్గర్లోనే న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్ వచ్చింది. ఉద్యోగుల ఇళ్ళతో కాలనీలు లేచాయి, చర్లపల్లి, కుషాయిగూడ వైపు చిన్నా పెద్దా షెడ్లు వెలిశాయి.

ఇలాంటి ఫ్యాక్టరీల జాగాలో 'డ్రాయింగ్' అంటే ఏమిటని అడిగితే జవాబు అడిగిన షెడ్డుని బట్టి ఉంటుంది. డిజైను ఆఫీసులో అప్పట్లో డ్రాయింగంటే కాగితం. ఐటీఐలో డ్రాఫ్ట్స్‌మన్ ట్రేడు చదివిన కుర్రాళ్ళు టీ స్క్వేరూ సెట్ స్క్వేర్లూ పట్టుకుని వంగి గీసిన కాగితం. దాని మీద ట్రేసింగ్ పేపరు పరిచి సిరాతో ఎత్తిరాసేవాళ్ళు వేరే ఉండేవాళ్ళు. ఆ ట్రేసింగ్ అమ్మోనియా ప్రింటుకి వెళ్ళేది. ఆ గదిలోకి వెళ్ళినవాడు కళ్ళు తుడుచుకుంటూ బయటికొచ్చేవాడు. ఆ రోజుల్లో సర్క్యూట్ బోర్డు పటాలైతే గీసేవాళ్ళే కాదు. పారదర్శకంగా ఉండే ఫిల్ము మీద నల్లటి సన్నని టేపు అంటించుకుంటూ అసలుకి రెండింతలో నాలుగింతలో పెద్దగా తయారుచేసి, ఫొటో తీసి చిన్నది చేసేవాళ్ళు. దాన్ని అన్ని ఎలక్ట్రానిక్స్ కార్ఖానాల్లోనూ 'ఆర్ట్‌వర్కు' అనేవాళ్ళు. 1969లో ఈసీఐఎల్ నుంచి వచ్చిన టీడీసీ-12 కంప్యూటరు కాలం అది.

అదే వీధిలో తీగలో గొట్టాలో చేసే షెడ్డుకి వెళ్ళి అడగండి. అక్కడ డ్రాయింగంటే కాగితం కాదు, చెమట. లోహపు కడ్డీ కొసని సన్నగా చెక్కి, దానికంటే చిన్న బెజ్జమున్న 'డై'లోంచి దూర్చి, అవతల పట్టుకారుతో పట్టి లాగుతారు. బెజ్జం పిసికిన కొద్దీ తీగ సన్నబడి పొడుగవుతుంది. రెండు మూడు సార్లయ్యాక లోహం మొండికేస్తుంది. కొలిమిలో కాల్చి మెత్తబరిచి ఇంకా చిన్న బెజ్జంలోంచి మళ్ళీ లాగాలి. అంటే ఇంగ్లీషు మాటలోని ఎనిమిదొందల ఏళ్ళ కొత్త అర్థం ఒక షెడ్డులో, అంతకుముందటి పాత అర్థం పక్క షెడ్డులో బతుకుతున్నాయి. కొత్తగా చేరిన అప్రెంటిసుని "డ్రాయింగ్ సెక్షనుకి పో" అంటే చేతిలో పెన్సిలు పట్టుకుని తీగల షెడ్డుకి పోవడం ఖాయం.

ఈ పని మనకి ఫ్యాక్టరీలతో వచ్చింది కాదు. అవుసులాయన దగ్గర వరసగా బెజ్జాలు, ఒకదానికంటే ఒకటి చిన్నవి, ఉన్న ఉక్కు రేకు ఉంటుంది. దాని పేరు కమ్మచ్చు. తేనెమైనం రాసి బంగారు కడ్డీని అందులోంచి లాగుతాడు. లాగుతాడని నేనన్నాను గాని ఆయనని అడిగితే 'తీగ తీస్తున్న' అంటాడు. రాగం తీసినట్టే. కమ్మచ్చు అన్న మాట ఇప్పుడు నిఘంటువులో కంటే కంసాలి నోట్లోనే ఎక్కువ భద్రంగా ఉంది.

ఇన్ని క్రియలున్న భాషకి 'డ్రా' ఎందుకు అవసరమైంది? జాగ్రత్తగా చూస్తే మనం ఆ మాటని మొత్తంగా తీసుకోలేదు. ఖజానా నుంచి, కచేరీ నుంచి, బ్యాంకు నుంచి, లాటరీ నుంచి వచ్చిన అర్థాలే తీసుకున్నాం. డబ్బులు డ్రా చేస్తాం, లక్కీ డ్రా తీస్తాం. ఇందులోని రెండోది చూడండి: డ్రా అంటేనే తీయడం, మళ్ళీ దాన్ని తీస్తున్నాం. బొమ్మ దగ్గర మాత్రం బళ్ళోకి నామవాచకమే వచ్చింది. డ్రాయింగ్ మాస్టారు, డ్రాయింగ్ పీరియడ్, లోయరు హయ్యరు డ్రాయింగ్ పరీక్షలు. ఆ మాస్టారు కూడా బోర్డు మీద సుద్దతో మామిడికాయ 'గీసేవారు', రంగుల 'బొమ్మ వేసేవారు'. బాపు గారిని తలుచుకునేటప్పుడు మనం ఆయన గీత అంటాం, ఆయన వేసిన బొమ్మ అంటాం. ఆయన డ్రా చేసిన బొమ్మ అని అన్నవాణ్ణి నేనింకా చూడలేదు. క్రియ మనదే మిగిలింది. ఇప్పుడిప్పుడే ఇంగ్లీషు మీడియం పిల్లల నోట "తాతా, ఎలిఫెంట్ డ్రా చేశా" వినిపిస్తోంది. నాకు ఏడుపేమీ రాదు గాని, 'గీశా'లోని గరగర అందులో లేదు.

ముగ్గు సంగతి కావాలనే ఆఖరికి అట్టేపెట్టాను. ముగ్గుని గీయరు, రాయరు. పెడతారు, లేదా వేస్తారు. రెండు వేళ్ళ మధ్య నుంచి పిండి జారుతుంది, చేయి నేలని తాకదు. తాకనప్పుడు గీత ఎక్కడ? తెలుగు క్రియ ఇక్కడా చేతిని వదల్లేదు.

పోయిన ధనుర్మాసంలో మా అపార్టుమెంటు గేటు ముందు ఒక పొద్దున పక్క ఫ్లాటు అమ్మమ్మగారూ, ఆవిడ మనవరాలూ ముగ్గుకి దిగారు. ఆవిడ చుక్కలు పెట్టుకుంటూ పోతోంది. పిల్ల చేతిలో సంతలో కొన్న ప్లాస్టిక్ ముగ్గు గొట్టం, అడుగున బెజ్జాలు, లోపల పిండి. నేల మీద ఆనించి జరజరా ఈడ్చుకుంటూ పోతే వెనకాలే నాలుగు తెల్లటి గీతలు సమానంగా పడుతున్నాయి.

"అమ్మమ్మా, నేను ఇట్ల డ్రా చేస్తా" అంది పిల్ల.

పాత ఇంగ్లీషు పండితుడెవరైనా పక్కనుంటే ఆ పిల్లకి నూటికి నూరు వేసేవాడు. 1200 నాటి అర్థంలో, ఒక్క పిసరు తేడా లేకుండా, అది డ్రా చేయడమే.

అమ్మమ్మగారు తలెత్తకుండానే అంది: "లాగు తల్లీ లాగు. నా చుక్కలు మాత్రం చెరపకు."

(సశేషం)